గజదొంగ హోటల్లోంచి ఎలా బయటపడ్డాడు: 1913 నాటి ఫాంతోమాస్ దోపిడీని విప్పి చూస్తే

పారిస్‌లోని రాయల్ ప్యాలెస్ హోటల్లో సోన్యా దనిదోఫ్ అనే రాకుమారి దిగి ఉంటుంది. ఒక రాత్రి ఆమె తిరిగొచ్చేసరికి కౌంటరు గుమాస్తా ఆమెకు 1,20,000 ఫ్రాంకులు అప్పగిస్తాడు. ఆమె లిఫ్టెక్కి గదికి వెళ్ళి, డబ్బు సొరుగులో పెట్టి, బట్టలు మార్చుకోవడానికి లోపలికి వెళ్తుంది. తెర చాటున అప్పటికే ఒకడున్నాడు. నల్లటి విందు సూటు, గడ్డం, పెద్దమనిషి వాలకం. ఆమె వచ్చి ఎవరు నువ్వంటే విజిటింగ్ కార్డు తీసి చేతికిస్తాడు. దాని మీద ఏమీ రాసి లేదు. డబ్బూ నగలూ తీసుకుని వెళ్ళిపోతాడు. గగ్గోలు పుడుతుంది. ఈలోగా దొంగ లిఫ్టు కుర్రాణ్ణి లొంగదీసి, వాడి యూనిఫాం తొడుక్కుని, హోటలు వాళ్ళ కళ్ళముందే నడుచుకుంటూ వీధిలో పడతాడు. తర్వాత చూస్తే ఖాళీ కార్డు మీద అక్షరాలు తేలుతాయి: ఫాంతోమాస్.

1913 మే నెలలో గోమోన్ కంపెనీ విడుదల చేసిన మూకీ సినిమా మొదటి ఘట్టం ఇది. తీసినవాడు లూయీ ఫుయాద్. మొదటి భాగం 54 నిమిషాలు. ఏడాదిలోపు మరో నాలుగు భాగాలు వచ్చాయి, మొత్తం అయిదున్నర గంటలు. కెమెరా జార్జ్ గెరాన్, సెట్లు రాబేర్ జూల్ గార్నియే, దొంగగా రెనే నవార్. (గోమోన్ పేరు మనకు కొత్తదేమీ కాదు. మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య నాయుడు 1910 ప్రాంతంలో మద్రాసు నుంచి ఊరూరా తీసుకెళ్ళి బొమ్మలాడించిన క్రోనోమెగాఫోన్ ఆ కంపెనీ యంత్రమే.)

ఈ దోపిడీని ఇవాళ మొదటిసారి చూసేవాళ్ళు చాలామంది "కెమెరా కదలడం లేదు, నాటకంలా ఉంది" అంటారు. ఆ మాట తప్పు, ఎందుకు తప్పో లెక్కలతో సహా చెప్పవచ్చు. దానికన్నా ముందు ఇంకో సంగతి తేల్చుకోవాలి. సినిమాలో గజదొంగ కథ చెప్పడానికి అసలు అడ్డం ఏమిటి?

ముఖం దాచలేని తెర

ఫాంతోమాస్ ముందు నవలల్లో పుట్టాడు. పియేర్ సువెస్త్ర్, మార్సెల్ అలెన్ అనే ఇద్దరు కలిసి 1911 ఫిబ్రవరి నుంచి నెలకొకటి చొప్పున 32 నవలలు రాశారు. నవలలో మారువేషం చాలా సులువు. "డాక్టరు లోపలికి వచ్చాడు" అని రాస్తే పాఠకుడికి డాక్టరే. నూరు పేజీల తర్వాత "ఆ డాక్టరే ఫాంతోమాస్" అంటే ఉలిక్కిపడతాడు. అక్షరానికి ముఖం లేదు కనుక మోసం సాగుతుంది.

తెర మీద అది కుదరదు. గడ్డం పెట్టినా మీసం తీసినా నవార్ ముక్కు నవార్ ముక్కే. గొంతు మార్చి నమ్మిద్దామంటే గొంతే లేదు. పోనీ ప్రతి వేషానికీ వేరే నటుణ్ణి పెడితే? అప్పుడు ప్రేక్షకుడి దృష్టిలో వాళ్ళంతా వేరు వేరు మనుషులే. ఒక్కడని చెప్పడానికి టైటిల్ కార్డు (తెర మీద మాటలు రాసి చూపే పలక) వేయాలి, అలా వేస్తే ఆ విస్మయం కాగితం మీద మిగులుతుంది తప్ప మనసుకి ఎక్కదు.

ఫుయాద్ ఈ చిక్కుకి ఎదురెళ్ళాడు. సినిమా మొదలవగానే నవార్‌ని దగ్గరగా నిలబెట్టి, అతని మామూలు ముఖం ఈ భాగంలో వేయబోయే వేషాల్లోకి ఒక్కొక్కటిగా కరిగిపోవడం చూపిస్తాడు. ఇదిగో దొంగ, ఇవిగో వాడి వేషాలు, ఇక కథ చూడండి అన్నట్టు. రహస్యం మొత్తం ప్రేక్షకుడి చేతిలో పెట్టేశాక, కథలో ఉన్నవాళ్ళకు మాత్రమే అది తెలియదు. "వీడెవడు?" అన్న ప్రశ్న పోయి "వీడు ఎలా తప్పించుకుంటాడు?" అన్న ప్రశ్న మిగులుతుంది. గడ్డం మనిషి తెర చాటు నుంచి రాగానే మనకు తెలుసు, రాకుమారికి తెలియదు. ఉత్కంఠ అంతా ఆ తేడాలోంచే పుడుతుంది. తర్వాతి కాలంలో వచ్చిన దోపిడీ సినిమాల్లో ఎన్నో మనల్ని దొంగ పక్షాన కూర్చోబెట్టి నడిచేవే. ఆ కూర్చోబెట్టడం ఇక్కడ ఎంత సాఫీగా జరిగిందో చూస్తే నాకు ఇప్పటికీ ముచ్చటేస్తుంది.

పదేళ్ళ ముందు, 1903లో, ఎడిసన్ కంపెనీకి ఎడ్విన్ పోర్టర్ తీసిన రైలు దోపిడీ చిత్రంతో పోల్చి చూడండి. దాదాపు 12 నిమిషాల సినిమా, 14 దృశ్యాలు. టెలిగ్రాఫ్ గుమాస్తాను కట్టేయడం దగ్గర్నుంచి అడవిలో కాల్పుల దాకా పనులు చక్కగా వరసలో ఉంటాయి. కానీ దొంగలు గుంపు. వాళ్ళ ముఖాలు మనకు గుర్తుండవు. బందిపోటు తుపాకీ మనవైపు పేల్చే దగ్గరి షాట్ ఒకటుంది, దాన్ని సినిమా మొదట్లో వేసుకోవచ్చు, చివర్లోనూ వేసుకోవచ్చు, ప్రదర్శించేవాళ్ళ ఇష్టం. అంటే ఆ ముఖానికీ కథకీ ముడి లేదు. ఫాంతోమాస్‌లో మొదటి ముఖం తీసేస్తే మిగతా కథకు తాళంచెవి పోయినట్టే.

కటకం ముందు త్రికోణం

ఇక "నాటకంలా ఉంది" అన్న మాట. నాటకాల వేదిక ముందు వెడల్పుగా, వెనక ఇరుకుగా ఉంటుంది. కెమెరా ముందు నేల దీనికి సరిగ్గా తలకిందులు. కటకం దగ్గర మొన, దూరం పోయేకొద్దీ విచ్చుకునే త్రికోణం.

ఆ రోజుల్లో మామూలుగా వాడిన 50 మిల్లీమీటర్ల కటకాన్నే తీసుకుందాం. 35 మి.మీ. ఫిల్ము మీద మూకీ ఫ్రేము వెడల్పు దాదాపు 24 మి.మీ., ఎత్తు 18. కెమెరాకు 4 మీటర్ల దూరంలో ఈ కటకానికి కనిపించే వెడల్పు 1.92 మీటర్లు, ఎత్తు 1.44. అక్కడ నిలబడిన మనిషి మోకాళ్ళ దగ్గర తెగిపోతాడు. ఇద్దరు పక్కపక్కన నిలబడితే ఫ్రేము నిండిపోతుంది. అదే 8 మీటర్ల దూరంలో వెడల్పు 3.84 మీటర్లు, ఎత్తు 2.88; అక్కడ తలుపు, అలమర, సోఫా అన్నీ పడతాయి. దర్శకుడి సహాయకులు నేల మీద సుద్దతోనో చెక్క పట్టీలతోనో ఈ త్రికోణం అంచులు గీసేవాళ్ళు. గీత దాటిన నటుడి చేయి తెర మీద ఉండదు.

ఇప్పుడు దొంగ సంగతి. 4 మీటర్ల దగ్గర నిలబడిన మనిషి భుజాల వెడల్పు అర మీటరు అనుకోండి. అతని వెనక 8 మీటర్ల దగ్గర సరిగ్గా ఒక మీటరు మేర మరుగున పడుతుంది. 90 సెంటీమీటర్ల తలుపు మొత్తం అతని వెనక దాక్కుంటుంది! అతను 30 సెంటీమీటర్లు, అంటే ఒక్క అడుగు పక్కకి జరిగితే ఆ మరుగు 60 సెంటీమీటర్లు జరుగుతుంది, తలుపులో చాలా భాగం బయటపడుతుంది. ఆ తలుపు దగ్గర అప్పుడే దొంగ ప్రవేశిస్తే మన కళ్ళు తమంతట తాము అక్కడికి పోతాయి. కట్ లేదు, కెమెరా కదల్లేదు, అయినా దర్శకుడు మన చూపును తిప్పాడు. ఫుయాద్ సినిమాలన్నిటా నటులు ఊరికే నడవరు: ఒకరు కుర్చీలో కూర్చోగానే వెనక ఒకరు కనబడతారు, ఒకరు తిరగ్గానే ఇంకొకరు మరుగవుతారు. నాటకంలో ఈ పని చేయలేరు. హాలులో ఎడమ కుర్చీకి కనబడేది కుడి కుర్చీకి కనబడదు కాబట్టి అంత కొలతగా మరుగు పెట్టడం అక్కడ సాధ్యం కాదు. సినిమా హాలులో వెయ్యి మంది కూర్చున్నా వాళ్ళందరికీ ఉన్నది ఒక్కటే కన్ను, కెమెరాది.

ఈ పద్ధతిలో పని చెడేది ఎక్కడంటే వెలుతురు దగ్గర. గోమోన్ స్టూడియో పారిస్‌లో బ్యూత్ షోమోన్ గుట్ట పక్కన ఉండేది, గాజు కప్పు, గాజు గోడలు. ఎండ బాగా ఉండి కటకం రంధ్రాన్ని ఎఫ్ 8 దగ్గర (అంకె పెరిగేకొద్దీ రంధ్రం చిన్నది) పెట్టి, 5 మీటర్ల మీద ఫోకస్ చేశారనుకుంటే లెక్క ప్రకారం మూడున్నర నుంచి తొమ్మిదిన్నర మీటర్ల దాకా అన్నీ స్పష్టంగా వస్తాయి. ముందున్న మనిషీ వెనకున్న తలుపూ రెండూ బాగుంటాయి. మబ్బు పట్టి ఎఫ్ 4 దాకా తెరవాల్సి వస్తే స్పష్టత నాలుగు నుంచి ఆరున్నర మీటర్లకు కుంచించుకుపోతుంది. వెనక తలుపు దగ్గర వచ్చినవాడు పొగలా కనబడతాడు. ఆ షాట్ కథకు పనికిరాదు. ఆర్క్ దీపాలూ పాదరస దీపాలూ ఉన్నా, అవి ఎండకు తోడుగా పనికొచ్చేవి గానీ ఎండ స్థానంలో నిలిచేవి కావు. కాబట్టి దొంగ రాత్రి పూట చేసే పనులన్నీ పట్టపగలు తీసినవే.

రాత్రి అని చెప్పడానికి రంగు అద్దేవాళ్ళు. ప్రదర్శనకు వెళ్ళే ప్రింటును నీలం రంగు తొట్టిలో ముంచితే రాత్రి, తేనె రంగులో ముంచితే దీపం వెలిగిన గది. గదిలోకి వచ్చిన మనిషి స్విచ్చి నొక్కితే, సరిగ్గా ఆ ఫ్రేము దగ్గర ప్రింటును కత్తిరించి నీలం ముక్కకు తేనె రంగు ముక్కను అతికించాలి. అతుకు నాలుగు ఫ్రేములు ముందు పడితే వేలు తాకకముందే దీపం వెలిగిపోతుంది. సెకనుకు 16 ఫ్రేముల వేగంలో నాలుగంటే పావు సెకను, కంటికి తెలిసిపోతుంది. పైగా ఈ అతుకు నెగటివులో ఉండదు, ప్రతి ప్రింటులోనూ విడిగా వేయాలి.

ఫిల్ముకి ఇంకో గుణం ఉంది. అప్పటి ఆర్థోక్రొమాటిక్ ఫిల్ముకి ఎరుపు కనబడదు, నల్లగా వస్తుంది. ఎర్రటి ముఖమల్ తెర ముందు నల్ల సూటు మనిషిని నిలబెడితే నలుపులో నలుపు కలిసిపోయి తల ఒక్కటే గాల్లో తేలుతున్నట్టు ఉంటుంది. అందుకని నల్ల దుస్తుల దొంగ వెనక గోడ లేత రంగులో ఉండేలా చూసుకోవాలి.

బయటికి వచ్చే దారి

దోపిడీ మొత్తంలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం డబ్బు తీసుకున్న తర్వాతిది. ముందు ఆ డబ్బు బరువు చూడండి. 1913లో ఫ్రాంకు విలువ బంగారంతో ముడిపడి ఉండేది, ఒక్కో ఫ్రాంకుకి 0.29 గ్రాముల మేలిమి. 1,20,000 ఫ్రాంకులంటే దాదాపు 34.8 కిలోల బంగారం. అది మోసుకుంటూ ఎవరూ హోటలు మెట్లు దిగలేరు. వెయ్యి ఫ్రాంకుల నోట్లయితే 120 కాగితాలు, కోటు లోపలి జేబులో పడతాయి. పెద్దమనిషి వేషంలో వచ్చి పెద్దమనిషిలానే కదలగలగడానికి కారణం ఈ నోట్లే.

హోటలుకు ఒక నోరు, ఒక గొంతు. నోరు ముందు హాలు, గొంతు లిఫ్టు. పైన గగ్గోలు పుడితే కింద హాలు మూసుకుంటుంది. పై అంతస్తులో చిక్కినవాడు ఎంత పెద్దదొంగైనా ఎలుకే. విందు సూటు వేసుకున్న గడ్డం మనిషి కోసం అందరూ వెతుకుతారు కాబట్టి లోపలికి రావడానికి పనికొచ్చిన వేషమే ఇప్పుడు ఉరితాడు. ఫాంతోమాస్ మార్చుకునే కొత్త వేషం గొప్పవాడిది కాదు, హోటల్లో అందరికన్నా చిన్నవాడిది. లిఫ్టు కుర్రాడి ముఖం ఎవరూ చూడరు, బొత్తాలూ టోపీ చూస్తారు. పైగా గొడవ జరిగిన చోట పనివాడు పరుగెత్తడం మామూలే. అతిథి పరుగెత్తితే అనుమానం, నౌకరు నిలబడితే అనుమానం!

దీన్ని రచయితల ఊహ అనుకోనక్కర్లేదు. సినిమా విడుదలైన నాటికి పారిస్‌లో లూవ్ర్ మ్యూజియం గోడ మీద మోనాలిసా లేదు. 1911 ఆగస్టు 21, సోమవారం, మ్యూజియానికి సెలవు. విన్సెంజో పెరూజా అనే ఇటలీ పనివాడు, ఒకప్పుడు అదే మ్యూజియంలో బొమ్మలకు గాజు తొడుగులు బిగించిన మనిషి, అక్కడి పనివాళ్ళు తొడుక్కునే తెల్ల అంగీ తొడుక్కుని బొమ్మను గోడ నుంచి దించాడు. మెట్లగదిలోకి వెళ్ళి చట్రం విప్పేశాడు. కింది తలుపు తెరుచుకోలేదు. అటుగా వచ్చిన ఒక ప్లంబరు, తోటి పనివాడే కదా అనుకుని తన తాళంచెవితో తలుపు తీసిపెట్టాడు! బొమ్మ పోయిన సంగతి మర్నాటికి గానీ బయటపడలేదు. పోప్లర్ పలక మీద వేసిన బొమ్మ కాబట్టి చుట్ట చుట్టే వీలు లేదు, పలకను పలకలాగే తీసుకుపోవాలి. అయినా ఎవరూ ఆపలేదు, ఎందుకంటే అంగీ తొడుక్కున్నవాడు ఏదో ఒకటి మోస్తూనే ఉంటాడు.

అదే 1911 డిసెంబరు 21న పారిస్‌లోనే ఓర్దనేర్ వీధిలో బొన్నో ముఠా పట్టపగలు బ్యాంకు నౌకరుని కాల్చి, సంచి లాక్కుని, మోటారు కారులో పారిపోయింది. దోపిడీ చేసి కారులో పారిపోవడం లోకం చూడడం అదే మొదలని చెబుతారు. 1913 వసంతంలో ఆ ముఠావాళ్ళ తలలు తీశారు, కొన్ని వారాలకే ఫాంతోమాస్ తెరకెక్కాడు. ఎక్లేర్ కంపెనీలో జస్సే అనే దర్శకుడు 1911లోనే జిగోమార్ అనే ముఠా నాయకుడితో సినిమా తీసి జనాన్ని రప్పించాడు, బొన్నో వార్తల మీద కూడా సినిమాలు తీశాడు. గోమోన్‌కి ఆ పోటీ తెలుసు. తుపాకులూ కార్లూ జస్సే అప్పటికే చూపించాడు కాబట్టి ఫుయాద్ మొదటి ఘట్టంలో ఒక్క తూటా పేల్చకుండా దోపిడీ చేయించడం నాకు తెలివైన ఎత్తుగా కనిపిస్తుంది. మిగతా భాగాల్లో కాల్పులూ పేలుళ్ళూ ఎలాగూ వచ్చాయి: రెండో భాగంలో బెర్సీ రేవులో సారా పీపాల మధ్య యుద్ధం చూడాల్సిందే.

తప్పించుకునే ఉపాయాలు తర్వాత్తర్వాత పెరిగాయి. రెండో భాగంలో డిటెక్టివ్ జూవ్, విలేకరి ఫాందోర్ ఇద్దరూ దొంగను చెరో చేయి పట్టుకుని తీసుకెళ్తుంటే, వాడు కోటు వదిలేసి పరుగెడతాడు; వాళ్ళ చేతుల్లో మిగిలేవి కోటుకి కుట్టిన బొమ్మ చేతులు. నీళ్ళ తొట్టిలో మునిగి, అడుగు పగలగొట్టిన సీసా గొట్టంగా పెట్టుకుని ఊపిరి పీల్చే ఘట్టమూ ఉంది. మొదటి భాగం చివర్లో మరీ పెద్ద మార్పిడి: మరణశిక్ష పడిన ఫాంతోమాస్ స్థానంలోకి, అతని పాత్రే రంగస్థలం మీద వేస్తున్న నటుణ్ణి, మేకప్‌తో సహా రప్పించి కటకటాల వెనక్కి నెడతారు. నవలలో ఆ అమాయకుడి తల తెగుతుంది. సినిమాలో జూవ్ సమయానికి మేకప్ పసిగట్టి ఆపుతాడు. తెర మీద ఆ తల తీయించడానికి ఫుయాద్ ఒప్పుకోలేదన్నమాట.

ఖాళీ కార్డు మీద అక్షరాలు

కార్డు సంగతి చిన్నదే గానీ దానిలో చేతిపని చాలా ఉంది. గొంతు లేని సినిమాలో దొంగ తన పేరు తానే చెప్పుకోవడం ఎలా? టైటిల్ వేస్తే దర్శకుడు చెప్పినట్టవుతుంది. కార్డు మీద పేరు తేలితే దొంగే చెప్పినట్టు, అదీ వాడు వెళ్ళిపోయిన తర్వాత.

ఇలా అక్షరాలు తేలేలా చేయడానికి ఆ కాలపు కెమెరా వాళ్ళ పద్ధతి ఇది. కెమెరాను చేత్తో తిప్పేవాళ్ళు, ఒక చుట్టుకు 8 ఫ్రేములు, సెకనుకు రెండు చుట్లు. ఖాళీ కార్డును పలక మీద కదలకుండా బిగించి కొంతసేపు తీస్తారు. తర్వాత 4 చుట్లు తిప్పే వ్యవధిలో కటకం రంధ్రాన్ని కొద్దికొద్దిగా మూసేస్తారు. అంటే 32 ఫ్రేముల్లో, రెండు సెకన్లలో, బొమ్మ చీకటైపోతుంది. మూత పెట్టి ఫిల్మును సరిగ్గా 4 చుట్లు వెనక్కి తిప్పుతారు. ఇప్పుడు పేరు అచ్చయిన కార్డును అదే చోట పెట్టి, మూత తీసి, 4 చుట్లలో రంధ్రాన్ని కొద్దికొద్దిగా తెరుస్తారు. ఒకటి మసకబారుతుంటే రెండోది తేలుతుంది. రెండు కార్డులూ ఒకే తెలుపు కనుక కాగితం మారినట్టు తెలియదు, అక్షరాలు మాత్రం లోపల్నుంచి పైకి వచ్చినట్టుంటాయి.

చెడే చోట్లు మూడు. కార్డు ఒక మిల్లీమీటరు జరిగినా అంచులు వణుకుతాయి, గుట్టు బయటపడుతుంది. వెనక్కి తిప్పడంలో ఒక చుట్టు లెక్క తప్పితే మధ్యలో నల్లటి రెప్పపాటు వస్తుంది, లేదా రెండూ ఎక్కువసేపు కలిసి తెల్లగా మాడిపోతాయి. మూడోది, మూసే వేగం తెరిచే వేగం సమానంగా లేకపోతే మధ్యలో వెలుగు ఒకసారి కుంగి లేస్తుంది. సినిమా మొదట్లో నవార్ ముఖం వేషాల్లోకి కరిగే షాట్లకూ ఇదే పద్ధతి కావాలి, కాకపోతే అక్కడ కార్డు బదులు మనిషి తల. మేకప్ మార్చుకుని తిరిగొచ్చిన నటుడి కళ్ళు మళ్ళీ అదే ఎత్తులో అదే చోట ఉండాలి.

రెండేళ్ళ తర్వాత, వాంపైర్ల ముఠా మీద తీసిన ధారావాహికలో, ఫుయాద్ ఈ అక్షరాల ఆట ఇంకోలా ఆడాడు. ఇర్మా వెప్ అనే గాయని పేరు పోస్టరు మీద ఉంటుంది, ఆ అక్షరాలే (Irma Vep) కదిలి తిరిగి పేర్చుకుని "వాంపైర్" (Vampire) అవుతాయి. అదే ధారావాహిక అయిదో భాగంలో ఒక విందు ఉంది. ముఠా నాయకుడు ప్రభువు వేషంలో పారిస్ ధనికుల్ని పిలిచి, హాలు తలుపులు బిగించి, విషవాయువు వదిలి, పడిపోయినవాళ్ళ ఒంటి మీద నగలు వలిపిస్తాడు. ఆ భాగం వచ్చేనాటికి మొదటి ప్రపంచ యుద్ధంలో, బెల్జియంలోని ఈప్ర్ యుద్ధరంగంలో నిజంగానే విషవాయువు వదిలి ఏడాది కూడా కాలేదు. ఆ ఘట్టం చూస్తే నాకు లిఫ్టు దోపిడీ చూసినంత సరదాగా ఉండదు.

చచ్చినవాడి వేలిముద్ర

రాకుమారి దనిదోఫ్‌ని దొంగ రెండోసారి దోచింది మూడో భాగంలో, 1913 నవంబరులో వచ్చిన "చంపే శవం"లో. ఒక విందులో ఆమె ముత్యాలు పోతాయి, మెడ మీద వేలిముద్ర దొరుకుతుంది. పోలీసు కార్డుల్లో వెతికితే అది ఝాక్ దొలోన్ అనే కళాకారుడిది. అతను అప్పటికే జైల్లో చనిపోయాడు, శవం మాయమైంది. విషయం ఏమిటంటే ఫాంతోమాస్ ఆ శవం చేతి తోలు ఒలిచి చేతొడుగుగా తొడుక్కుని దొంగతనాలూ హత్యలూ చేస్తున్నాడు.

ఇది జరిగేదేనా? సగం జరిగేదే. నీళ్ళలో నానిన శవం చేతి పైపొర కొన్నాళ్ళకు తొడుగులా ఊడివస్తుంది. శవాన్ని గుర్తుపట్టడానికి వేలిముద్ర నిపుణులు ఆ పొరను తమ వేలికి తొడుక్కుని సిరాలో అద్ది ముద్ర తీసుకోవడం నిజంగా ఉన్న పద్ధతి. కానీ దాంతో దొంగతనం చేయడం వేరు. మన వేలిముద్ర పడేది చెమట వల్ల, చర్మపు జిడ్డు వల్ల. చచ్చిన తోలుకు చెమట లేదు, కాబట్టి ప్రతిసారీ కాస్త నూనె రాసుకోవాలి, ఎక్కువైతే గీతల సందులు పూడి మచ్చ మాత్రమే మిగులుతుంది. ఆరిపోయిన తోలు కుంచించుకుపోతుంది, గీతల మధ్య దూరం మారుతుంది, ముడతలు పడుతుంది. అన్నిటికన్నా కష్టం, ముద్ర దొరికిన చోటు. మనిషి చర్మం మీద నుంచి వేలిముద్ర తీయడం ఇవాళ్టికీ అతి కష్టమైన పనుల్లో ఒకటి. అద్దం మీదా పాలిష్ చెక్క మీదా దొరికినంత తేలిగ్గా మెడ మీద దొరకదు.

అయినా 1913 ప్రేక్షకుడికి ఈ కథ ఎందుకు పట్టింది? అప్పటి పారిస్ పోలీసు కార్డుల యంత్రాంగం అల్ఫోన్స్ బెర్తియోన్ కట్టినది. తల పొడవు, పాదం, మధ్యవేలు లాంటి 11 కొలతలతో మనిషిని గుర్తుపట్టే పద్ధతి. వేలిముద్రలు కార్డు మీద ఉండేవి గానీ కార్డుల వరస మాత్రం శరీరం కొలతల ప్రకారమే. 1902లో బెర్తియోనే ఒక హంతకుణ్ణి అద్దం మీది వేలిముద్రలతో పట్టించాడు, అంచేత జనానికి వేలిముద్ర అంటే తిరుగులేని సాక్ష్యమన్న నమ్మకం ఏర్పడింది. కానీ మోనాలిసా గాజు మీద ముద్ర దొరికినా, పెరూజా కార్డు అప్పటికే పోలీసుల దగ్గర ఉన్నా, రెండింటినీ కలపలేకపోయారు. మనిషి ఎదురుగా లేకుండా కొలతలు తెలియవు. కొలతలు తెలియకుండా వేల కార్డుల్లో ఒక్క ముద్రను ఎక్కడని వెతకడం? ముద్రల గీతల ప్రకారమే కార్డుల్ని పేర్చే పద్ధతి అప్పటికే ఉంది, అది పుట్టింది మన కలకత్తాలో. బెంగాల్ పోలీసు అధికారి ఎడ్వర్డ్ హెన్రీ దగ్గర పనిచేసిన అజీజుల్ హక్, హేమచంద్ర బోస్ దాన్ని లెక్కకట్టి పెట్టారు, 1897లో అక్కడ ప్రపంచంలోని తొలి వేలిముద్రల కార్యాలయాల్లో ఒకటి తెరిచారు. లండన్ పోలీసులు 1901లో దాన్ని అందిపుచ్చుకున్నారు. బెర్తియోన్ మాత్రం తన కొలతల్ని వదల్లేదు.

మూడో భాగం తెరకెక్కేసరికి నగరానికి నమ్మకమూ ఉంది, ఆ నమ్మకం మీద అనుమానమూ మొదలైంది. మరికొన్ని వారాలకు, డిసెంబరులో, ఫ్లోరెన్స్‌లో బొమ్మ అమ్మబోయి పెరూజా దొరికిపోయాడు. వేలిముద్ర వల్ల కాదు, తానే ఒక వ్యాపారికి ఉత్తరం రాయడం వల్ల.

తెర మీది దొంగ మాత్రం దొరకలేదు. మొదటి భాగం ముగింపు మళ్ళీ ఒక్కసారి చూడండి. తన గదిలో కూర్చున్న జూవ్ ఎదుట, విందు సూటు, ముసుగుతో ఫాంతోమాస్ ప్రత్యక్షమై, బేడీలు వేయమన్నట్టు చేతులు చాపుతాడు. ఒకే ఫిల్మును రెండుసార్లు తీసి చేసే పని ఇది. ముందు జూవ్ ఒక్కడే ఖాళీ గాలివైపు చూస్తూ నటించాలి. ఫిల్మును వెనక్కి తిప్పి, నల్ల మఖమలు ముందు దొంగను నిలబెట్టి మళ్ళీ తీయాలి. మఖమలు వెలుగును తిప్పి పంపదు కాబట్టి ఫిల్ముకు దొంగ ముఖం, చేతులు, చొక్కా ముందుభాగం మాత్రమే తగులుతాయి. వెనక గది గోడ తెల్లగా ఉంటే అది అతని ఒంట్లోంచి కనబడుతుంది. అలా కనబడడమే ఇక్కడ కావలసింది. జూవ్ ముందుకు దూకి రెండు చేతులూ పట్టుకోబోతాడు. నటుడి చేతుల్లో ఏమీ లేదు, తీసిన రోజున అక్కడ ఎవరూ లేరు. బొమ్మ అక్కడితో ఆగిపోతుంది, టిక్కెట్టు కొన్నవాళ్ళు తరువాయి కోసం శరత్కాలం దాకా ఆగాల్సి వచ్చింది.